మీ నోట పుట్టిన పేరు

కుర్చీ వద్దు వదినగారూ, ఈ మంచం పట్టె చాలు నాకు. మూడు అంతస్తులు, పట్టుకోవడానికి ఒక్క కమ్మీ లేదు. డెబ్బై నాలుగేళ్ల మనిషి ఎలా ఎక్కుతుందయ్యా అని కింద కాపలావాణ్ణి అడిగితే, ఆస్పత్రి లాండ్రీవాళ్ల గదులు ఇంతే అమ్మగారూ, ఎక్కలేనివాళ్లు రారు అన్నాడు.

నిజమే. ఇరవై ఒక్క ఏళ్ల వియ్యం మనది. మీ గడప తొక్కడం ఇదే మొదలు.

మంచినీళ్లు ఇవ్వండి, తాగుతాను. మీ పని మీరు చేసుకోండి, ఆ ఇస్త్రీ ఆపకండి. మీరు చూస్తూ కూర్చుంటే నాకు మాట రాదు. ఏమిటలా చూస్తారు? నాకూ మాట రాని సందర్భాలు ఉంటాయి.

నేను వచ్చింది మన మనవరాలి సంగతి మాట్లాడడానికి. వాళ్లమ్మ పోయి మూడు వారాలు. అదే రోజు సంచీ సర్దుకుని మీ దగ్గరికి వచ్చేసింది. మా అబ్బాయేమో రైలు నడుపుతాడు, వారానికి నాలుగు రోజులు ఇంట ఉండడు. ఇంట్లో మిగిలినదాన్ని నేను. ఫోను చేస్తే ఎత్తదు. ఎత్తినా ఏమంటుందో తెలుసా? చెప్పండి అంటుంది. చెప్పండి! నా ఒళ్లో కూర్చుని నువ్వు, నువ్వు అంటూ జడ వేయించుకున్న పిల్ల, నన్ను మీరు అంటోంది. నలభై ఏళ్లు నిఘంటువు కార్యాలయంలో పనిచేశాను వదినగారూ. మర్యాదకు ఇంత పదును ఉంటుందని మాటల అర్థాలు రాసే ఏ కార్డులోనూ రాసుకోలేదు.

కాలేజీ నుంచి ఎన్నింటికి వస్తుంది? నాలుగు వేళ్లు చూపించారు, ఆ సగం వేలు ఏమిటి? నాలుగున్నరా? సరే. ఇంకా ముప్పావు గంట ఉంది. అందుకే ఈ వేళకు వచ్చాను. అది లేనప్పుడు మీతో మాట్లాడాలి.

నా మాట మీకు వినబడుతుంది, పలకడమే మీకు రాదు; మీ చేతుల భాష నాకు రాదు. నేర్చుకోనూ లేదు. మీ అమ్మాయి మా ఇంట్లో ఉన్నన్నాళ్లూ, మీరు వచ్చిన రోజున పెరటి గుమ్మంలో కూర్చుని మీ ఇద్దరూ గబగబా వేళ్లు ఆడించుకుంటుంటే, నేను లోపలి నుంచి చూసి, ఏం చెప్పుకుంటున్నారో, నా గురించేనేమో అని తలుపు వేసేసుకునేదాన్ని. నా సందేహం ఉత్తదేమీ కాదని ఇప్పుడు అనుకుంటున్నాను. నవ్వకండి. లేదు, నవ్వండి. మీరు నవ్వినా నాకు కాస్త ధైర్యంగా ఉంటుంది.

ఈయా.

అదిగో, ఇస్త్రీపెట్టె ఆగింది. అన్నాను, విన్నారుగా. మనవరాలి పేరు నా నోటితో పలకడం ఇది మొదటిసారి. పంతొమ్మిదేళ్లు ఆ పిల్లను పిల్లా అన్నాను, తల్లీ అన్నాను, బుజ్జులూ అన్నాను, కోపమొస్తే ఓ మహాతల్లీ అన్నాను. పేరు పెట్టి మాత్రం పిలవలేదు. ఎందుకు పిలవలేదో మీకు తెలుసు. అది పుట్టిన నెలకు, బారసాల నాడు, మా ముందుగదిలో, ఇరవై మంది మధ్య నేనన్న మాట మీరూ విన్నారు.

మా ఇంటికి పేర్ల కోసం ఎంతమంది వచ్చేవారో మీ అమ్మాయి చెప్పే ఉంటుంది. బడిపంతుళ్లు, డాక్టర్లు, మా వీధి చివర తాళాలు బాగుచేసేవాడు, అందరూ. కడుపుతో ఉన్న కోడలిని వెంటబెట్టుకుని, అమ్మా, మంచి అర్థం ఉన్న పేరు చెప్పండి అనేవారు. నేను కళ్లద్దాలు పెట్టుకుని, మాట ఎక్కడ పుట్టింది, ఏ ధాతువు, ఏ ప్రత్యయం, ముందు ఎవరు వాడారు అని విప్పి చెప్పి ఇచ్చేదాన్ని. నేను పెట్టిన పేర్లతో ఈ పాటికి ఒక బడి నిండుతుంది. అటువంటిదానికి, సొంత మనవరాలు పుడితే, నేను దాచి ఉంచిన పేరు పక్కన పెట్టి, ఏ పుస్తకంలోనూ లేని రెండక్షరాలు పెడతానంది మీ అమ్మాయి.

ఈ కాలపు పేర్లన్నీ అంతే కదా అని మా అబ్బాయి తేల్చేశాడు. వాడికి ఏదైనా ఒకటే. ఫోనులో వెదికి, ఒకచోట పువ్వు అని ఉందమ్మా, ఇంకోచోట వెలుతురు అని ఉంది, నీకు ఏది కావాలంటే అది తీసుకో అన్నాడు, కూరగాయలు ఎంచుకోమన్నట్టు. ఈయడం అంటే ఇవ్వడం కదా, అందులోంచి లాగుదామా అంటే ఆ రూపం అలా రాదు. నాకు తల కొట్టేసినట్టయింది. వచ్చినవాళ్లందరూ నా ముఖం చూస్తున్నారు. అమ్మగారూ, మీ మనవరాలి పేరుకు అర్థమేమిటి అని మొదట అడిగింది ఆ తాళాలవాడే.

అప్పుడన్నాను. అది పేరు కాదు, నోరులేని జీవం చేసే చప్పుడు అన్నాను.

మీరు వాకిలి దగ్గర నిలబడి ఉన్నారు. చేతుల మీద పిల్ల గుడ్డలు, మడతపెట్టినవి. మీరే ఉతికి తెచ్చినవి. వాటిని కిందపెట్టలేదు, ఎవరికీ ఇవ్వలేదు, అలాగే పట్టుకుని నిలబడ్డారు. మీ అమ్మాయి నా వైపు చూడలేదు. మీ వైపు చూసింది.

ఆ తర్వాత మా ఇంట్లో గానీ, పిల్ల ఎదుట గానీ మీరు నోరు తెరవనే లేదు. పిల్లను ఎత్తుకునేవారు, ముద్దాడేవారు, దూరంగా పోతుంటే చప్పట్లు కొట్టి పిలిచేవారు. చప్పట్లు! పాపం, ఆవిడకు అంతే వచ్చు అని ఎవరైనా అంటే మొన్నటి దాకా నేనూ తల ఊపేదాన్ని.

ఉండండి, చెప్పనివ్వండి. మీ చేయి ఆపమంటోందో, చెప్పమంటోందో నాకు తెలియదు. నేను చెప్పమంటోంది అనే అనుకుంటాను.

పిల్లకు పదేళ్లప్పుడు బడిలో ఒక పని ఇచ్చారు. మీ పేరుకు అర్థమేమిటి, ఎవరు పెట్టారు, ఎందుకు పెట్టారు, ఒక పేజీ రాసుకు రండి అని. వాళ్లమ్మను అడిగితే, నాకు నచ్చి పెట్టానమ్మా అంది. ఒక పేజీకి అది చాలదు కదా. కాగితం పట్టుకుని నా దగ్గరకు వచ్చింది. నానమ్మా, నీకు అన్ని మాటలూ తెలుసు కదా, నాదీ చెప్పు అంది.

నీ మాటకు అర్థం లేదు తల్లీ, అదే రాసుకో అన్నాను.

అలాగే రాసింది. ఆ కాగితం ఇప్పటికీ కళ్లకు కడుతుంది. నా పేరుకు అర్థం లేదు, మా నానమ్మ పుస్తకాల్లో లేదు అని ఒక్క వాక్యం, కింద పేజీ అంతా తెల్లగా. దాన్ని తరగతిలో పైకి చదివించారు. ఆ రోజు నుంచి పిల్లలు దాన్ని ఖాళీ అని పిలిచారు. ఖాళీ, బంతి ఇటు వెయ్యవే. ఖాళీ, నీ పక్కన చోటు ఖాళీయేనా. ఎనిమిదేళ్లు. ఇంటికి వచ్చి నాకు నవ్వుతూ చెప్పేది, నేనేమైనా అంటానేమోనని నా ముఖంలోకి చూస్తూ. నేను జడ బిగించి, మంచి పేరుంటే ఎవరూ ఏమీ అనేవారు కాదు కదా అనేదాన్ని. ఆ పుల్ల నేనే పెట్టాను. పెట్టి, ఊది, మంట వచ్చాక చలి కాచుకున్నాను.

పద్దెనిమిది నిండగానే పేరు మార్చుకుంటానంది. ఎగిరి గంతేశాను. దరఖాస్తు నా చేతివ్రాతతోనే నింపాను. మార్పుకు కారణం అన్న గడిలో, ప్రస్తుత నామము అర్థరహితము అని రాశాను, చక్కగా, గుండ్రంగా. కొత్త పేరు నేను ముప్పై ఏళ్లుగా దాచి ఉంచినదే. దాన్ని ఈ గదిలో పలకను. ఆ కార్యాలయంలో సాక్షి సంతకానికి మీ అమ్మాయినే కూర్చోబెట్టాం. కలం చేతిలోకి తీసుకుంది. తర్వాత మెల్లగా అంది, ఈ పేరు పలకడం కొందరికి కష్టం అత్తయ్యా.

నేర్చుకుంటే వస్తుంది అన్నాను నేను.

సంతకం పెట్టేసింది.

కొంచెం మంచినీళ్లు. చాలు, చాలు.

ఇక ఆ రోజు. మీకు చెప్పనక్కరలేదు కానీ, నేను చూసింది మీరు చూడలేదు. మీ ఆస్పత్రిలోనే, మీ అమ్మాయి గుండె ఆగిందని డాక్టరు చెప్పాక, కింద లాండ్రీకి ఎవరో కబురు పెట్టారు. మీరు మోచేతుల దాకా సబ్బు నీళ్లతో వచ్చారు. ఎప్పుడూ అందరికంటే వెనక నిలబడే మనిషి, డాక్టరును, నన్ను, మా అబ్బాయిని పక్కకు తోసుకుంటూ వచ్చి, మంచం మీదికి వంగి పిలిచారు. ఈ... యా. మళ్లీ. మళ్లీ. మీ గొంతు నేను వినడం అదే మొదలు. నాలుక కదలకుండా, పెదవి కలవకుండా, కడుపులోంచి వచ్చే ఆ రెండు అచ్చులు.

అప్పుడు వరండాలో కుళాయి దగ్గర ఉన్న పిల్ల పరుగెత్తుకుని వచ్చింది. ఏంటమ్మమ్మా అంటూ వచ్చింది. ఏడాదిగా ఎవరు ఆ పేరుతో పిలిచినా పలకని పిల్ల, పలికింది. చేతిలో గ్లాసు. మీరు దాని వైపు తిరగలేదు. మీరు పిలుస్తున్నది దాన్ని కాదు కదా. మీ కూతుర్ని. మీరు మీ కూతుర్ని పుట్టినప్పటి నుంచి పిలిచిన పిలుపు అది. మీకు వచ్చిన ఒకే ఒక్క మాట.

పిల్ల గది అంతా చూసింది, మీ వైపు చూసింది, వాళ్లమ్మ వైపు చూసింది. అర్థమైపోయింది దానికి. తన పేరు ఎక్కడ పుట్టిందో. ఎందుకు పెట్టారో. అమ్మమ్మ నోటికి అందే పేరు, అమ్మమ్మ పిలవగలిగే ఒకే పేరు. ఇన్నేళ్లూ ఎవరి కోసం పెట్టారో ఆవిడ తప్ప మిగతావాళ్లు పిలిచిన పేరు.

మా కార్యాలయంలో ఒక నియమం ఉండేది. ముగ్గురు వేర్వేరు మనుషులు ఒకే అర్థంలో వాడినట్టు రుజువు దొరికితే తప్ప ఏ మాటకూ కార్డు రాసేవాళ్లం కాదు. ఇద్దరు వాడితే అది వాళ్ల ఇంటి గొడవ, ముగ్గురు వాడితే భాష అనేవారు మా పెద్దాయన. ఆ రాత్రంతా ఆ నియమమే తిప్పి తిప్పి చూసుకున్నాను. మీరు మీ అమ్మాయిని పిలిచారు. మీ అమ్మాయి తన కూతుర్ని పిలిచింది. మా అబ్బాయి పిలిచాడు. ప్రాణంలా చూసుకునేదాన్ని దగ్గరకు రమ్మనడం అని ముగ్గురికీ ఒకటే అర్థం. రుజువులు నా ఇంట్లోనే ఉన్నాయి వదినగారూ. నేను రాయలేదు, అంతే.

ఏడవకండి. మీరు ఏడిస్తే చప్పుడు రాదు, నాకు చూడడం కష్టంగా ఉంది.

ఇంటికి వచ్చాక, బట్టలైనా మార్చుకోకుండా, పిల్ల నా ముందు నిలబడింది. దాని మాట దానిలాగే చెబుతాను. నీకు తెలుసా నానమ్మా, నా పేరు అమ్మమ్మదని?

తెలియదు తల్లీ అన్నాను.

క్షణం తడబడలేదు. అంత శుభ్రంగా వచ్చింది మాట. అది నా కళ్లలోకి చూసి, తెలియకపోతే తప్పు మీది కాదు అంది. మీరు అనడం అప్పుడు మొదలైంది. అంటే నమ్మిందో, నమ్మడానికి ప్రయత్నిస్తోందో. నిన్న ఫోను ఎత్తింది. ఆదివారం వచ్చేస్తానండీ అంది. తెలియక చేసినదానికి కోపం పెట్టుకుంటే అమ్మకు నచ్చదు అంది.

ఆదివారం అంటే ఎల్లుండి. మూడు వారాలుగా ఆ ఇంట్లో గోడ గడియారం కొట్టుకోవడం తప్ప చప్పుడు లేదు. దాని మంచం మీద దుప్పటి మార్చాను. ఎంత సంతోషమో. దులుపుతుండగా ఒక్కసారి మీరు గుర్తుకొచ్చారు.

అందుకే వచ్చాను. అడిగేస్తాను. మీ అమ్మాయి మీకు చెప్పిందా? బారసాలకు ముందురోజు సంగతి?

తల ఊపారు.

పంతొమ్మిదేళ్లుగా మీకు తెలుసు.

అయినా నా దుప్పట్లు మీరే ఉతికేవారు. నెలనెలా మీ అమ్మాయి మూట కట్టి తీసుకువెళ్లేది, అంచుకు అంచు కలిపి, మడత మీద మడత చెదరకుండా తిరిగి వచ్చేవి. లాండ్రీలో మంచి యంత్రాలు ఉన్నట్టున్నాయి అనేదాన్ని నేను. యంత్రాలు అత్తయ్యా అని నవ్వేది మీ అమ్మాయి. ఇదా యంత్రం? ఈ ఇస్త్రీపెట్టె, మీ చేయి?

అయితే ఇక దాపరికం ఎవరి దగ్గర. చెప్పింది వదినగారూ. మీ అమ్మాయి నాకు ముందురోజే చెప్పింది. పట్టపగలు, వంటింట్లో, పిల్లను భుజాన వేసుకుని. ఎంత సిగ్గుపడుతూ, ఎంత సంతోషంగా చెప్పిందని. అత్తయ్యా, మా అమ్మకు ఒక్క పిలుపే వచ్చు, దాంతో నన్ను తప్ప ఎవర్నీ పిలవలేదు, మనవరాలినైనా పేరు పెట్టి పిలుచుకుంటుందని, ఆ పిలుపునే దీనికి పేరుగా పెడదామని ఉంది అంది. మా అబ్బాయికి కూడా ఇంకా చెప్పలేదట. మాటల విలువ తెలిసినవారు కదా, మీకే ముందు చెబుతున్నాను అంది.

నాకే ముందు.

నేను ఆలోచిద్దాంలే అన్నాను. ఆ రోజంతా ఆలోచించాను కూడా. ఏమాలోచించానో చెప్పనా? రేపు ఇరవై మంది వచ్చి అర్థమేమిటి అని అడిగితే, మా వియ్యపురాలు, ఆస్పత్రిలో మురికి దుప్పట్లు ఉతికే మనిషి, మాట రాక అరిచే అరుపు అని చెప్పనా? ఇదే ఆలోచించాను. ఇంకొకటి కూడా. ఇది ఎవరికీ చెప్పలేదు. ఆ పేరు పెడితే పిల్ల మీదవుతుంది అనిపించింది. జీవితమంతా దాన్ని ఎవరు పిలిచినా మీ గొంతుతోనే పిలిచినట్టవుతుంది. నేనిచ్చిన పేరు దాచుకుని నేను పక్కన నిలబడాలి. ఓర్వలేకపోయాను వదినగారూ. వ్యాకరణం అడ్డం పెట్టుకున్నాను, అంతే.

తెలిసే అన్నాను ఆ మాట. మీరు వాకిట్లో ఉన్నారని చూసే అన్నాను.

మీ అమ్మాయి ఎందుకు ఎవరికీ చెప్పలేదో ఈ మూడు వారాల్లో నాకు అంతుబట్టింది. బడి కాగితం నాడు చెప్పి ఉండవచ్చు. కార్యాలయంలో సంతకం నాడు చెప్పి ఉండవచ్చు. చెబితే పిల్ల అడిగే రెండో ప్రశ్న, నానమ్మకు తెలుసా అన్నదే. నా మీద దానికి అసహ్యం పుట్టకుండా, వాళ్లమ్మ నోరు కట్టుకుని పోయింది. కోడళ్లు అత్తల మీద చాడీలు చెబుతారని లోకమంతా అంటుంది. నా కోడలు నా తప్పును తన గుండెలో పెట్టుకుని మోసింది, ఆ గుండే ఆగిపోయింది. దానికీ దీనికీ సంబంధం లేదని డాక్టరు అంటాడు. అననివ్వండి.

నేను ఏమడగడానికి వచ్చానో మీకు తెలిసిపోయింది. ఆ చూపు నాకు అర్థమవుతోంది. అవును. పిల్లకు ఇది చెప్పవద్దని బతిమాలుకోవడానికే ఆ మెట్లన్నీ ఎక్కాను. మీకు మనవరాలు ఎలాగూ దక్కింది, ఆ మిగిలిన ముక్కైనా నాకు వదిలేయండి అని అడుగుదామని. ఇంటి దగ్గర వాక్యం కూడా కూర్చుకున్నాను. ఎంత మర్యాదగా కూర్చానో, వింటే మీరు కాదనలేరు.

ఏమిటిది? అడ్డంగా తల ఊపుతున్నారు. చెప్పనంటున్నారా? చెప్పరా? ఇంతకాలం చెప్పలేదు, ఇకముందూ చెప్పరు. ఇదేనా దీని అర్థం?

వద్దు. అలా దయ చూపకండి. మీ అమ్మాయి దయ ఒక్కటే మోయలేకుండా ఉన్నాను.

పోనీ, మీరే చెప్పేయండి దానికి. వేళ్లతో చెబితే త్వరగా అయిపోతుంది. నేను ఇక్కడే కూర్చుంటాను. నాకు ఆ భాష రాదు కనుక వినబడదు, దాని ముఖం మారడం మాత్రం చూస్తాను. ఏమంటారు?

ఎందుకు నా వైపు వస్తున్నారు? నా నోటి మీద వేలు పెడుతున్నారు. ఊరుకోమనా? కాదా? నన్నే చెప్పమంటున్నారా?

నన్నే.

అదిగో, మెట్ల మీద చెప్పుల చప్పుడు. నాలుగున్నర అప్పుడే అయిందా. రెండేసి మెట్లు ఎక్కుతోంది, వాళ్లమ్మలాగే.

నాకు తెలుసు తల్లీ, మీ అమ్మ నాకు ముందే చెప్పింది. ఎంత వాక్యం ఇది? పసిపిల్లలకు నేర్పేటంత. నాకు నోరు పెగలడం లేదు వదినగారూ. ఇది విన్నాక ఆదివారం రాదు. ఇక ఏ ఆదివారమూ రాదేమో. రాకపోనీ. మీ దగ్గర ఉంటుంది. పిలవండి దాన్ని, నోరారా పిలవండి, చప్పట్లు కొట్టకండి.

తలుపు మీరు తీయండి. చెప్పేది నేను.